బ్రెహ్ట్ నాటకం వెనుక వైగెల్ చేతులు

హెలెనె వైగెల్ నటించిన సినిమాల పేర్లు రాయడానికి అర పేజీ చాలు. వాటిలో 1944లో హాలీవుడ్ నుంచి వచ్చిన ‘ద సెవెన్త్ క్రాస్’ ఒకటి. నాజీల నిర్బంధ శిబిరం నుంచి తప్పించుకున్న ఖైదీ కథ అది. స్పెన్సర్ ట్రేసీ హీరో, వియన్నాలో పెరిగిన ఫ్రెడ్ జిన్నెమన్ దర్శకుడు. అందులో వైగెల్ ఒక భవనం కాపలా మనిషిగా కొద్ది క్షణాలు కనబడి వెళ్లిపోతుంది. డైలాగు ఒక్కటీ లేదు. అమెరికాలో గడిపిన ఆరేళ్లలో సినిమాల్లో ఆమెకు దొరికిన వేషం అదొక్కటే.

1949 జనవరి 11న, బాంబు దాడులకు సగం కూలిపోయిన బెర్లిన్‌లో, అదే నటి జర్మన్ నాటకకర్త బ్రెహ్ట్ రాసిన ‘మదర్ కరేజ్’ నాటకంలో ప్రధాన పాత్రతో రంగం మీదికి వచ్చింది. అప్పటికి ఆమెకు 48 ఏళ్లు. ఆ తర్వాత పుష్కర కాలంలో నాలుగు వందల సార్లకు పైగా ఆ వేషం కట్టింది. ఇరవయ్యో శతాబ్దపు నటన గురించి రాయాలంటే ఆ పాత్ర దగ్గర కాసేపు ఆగక తప్పదు.

ఈ రెండు తేదీల మధ్య ఐదేళ్ల దూరం కూడా లేదు. నటి మారలేదు, ప్రతిభ మారలేదు. మారింది చుట్టూ ఉన్న మనుషులు, భాష, పని చేసే పద్ధతి. కొందరు నటులు ఎక్కడ నిలబడినా ఒంటరిగా వెలుగుతారు. వైగెల్ ఆ కోవకు చెందదు. రచయిత, దర్శకుడు, రంగాలంకరణ చేసేవాడు, సంగీతకారుడు, తోటి నటులు అందరూ కలిసి వంట వండినట్టు నాటకం తయారు చేసే చోటనే ఆమె పూర్తిగా కనిపిస్తుంది. అలాంటి చోటు దొరకనప్పుడు ఆమె దాన్ని తన చేతులతో కట్టుకుంది కూడా. అందుకే ఆమె నటజీవితాన్ని పాత్రల లెక్కతో కొలిస్తే చాలా తక్కువ తేలుతుంది.

బెర్టోల్ట్ బ్రెహ్ట్ పేరు తెలుగు నాటకరంగంతో కాస్త పరిచయం ఉన్నవాళ్లందరికీ తెలుసు. వైగెల్ పేరు చెబితే “బ్రెహ్ట్ భార్య కదా” అంటారు. కొంచెం ఎక్కువ చదివినవాళ్లు “ఆయన సిద్ధాంతాన్ని రంగం మీద చేసి చూపించిన నటి” అంటారు. ఈ రెండో మాట గౌరవంగానే వినబడుతుంది కానీ అందులో ఒక పొరపాటుంది. ముందు సిద్ధాంతం పుట్టింది, తర్వాత ఆమె దాన్ని అమలు చేసింది అన్న అర్థం అందులో దాగి ఉంది. తేదీలు వరుసగా పెట్టి చూస్తే కథ అలా లేదు.

వైగెల్ 1900 మే 12న వియన్నాలో ఒక యూదు కుటుంబంలో పుట్టింది. తల్లికి బొమ్మల దుకాణం ఉండేది. ఆమె చదివిన బడిని యూజెనీ ష్వార్జ్‌వాల్డ్ అనే విద్యావేత్త నడిపేది. ఆడపిల్లలకు గట్టి చదువు చెప్పాలని పట్టుబట్టిన మనిషి ఆవిడ. నటి కావాలన్న వైగెల్ కోరిక ఇంట్లో ఎవరికీ నచ్చలేదు. అయినా ఒక నాటకశాల దర్శకుడి ముందు పరీక్షకు నిలబడింది. ఆ రోజు ఆ గదిలో డెన్మార్క్ రచయిత్రి కరీన్ మికేలిస్ కూడా ఉంది. ఈ అమ్మాయి గొప్ప నటి అవుతుందని తర్వాత ఆమె రాసింది. ఈ మికేలిస్ పేరు మళ్లీ వస్తుంది.

1919 నుంచి ఫ్రాంక్‌ఫర్ట్‌లో నటించి, 1922లో బెర్లిన్ చేరింది. తొలి రోజుల్లో ఆమె గురించి వచ్చిన ఫిర్యాదు ఒకటే: గొంతు మరీ పెద్దది, అరుస్తుంది. బ్రెహ్ట్‌తో పరిచయం 1923లో. 1924లో కొడుకు స్టెఫాన్, 1929లో పెళ్లి, 1930లో కూతురు బార్బరా. ‘త్రీపెన్నీ ఒపేరా’ 1928లో బెర్లిన్‌ను ఊపేసినప్పుడు అందులో ఒక చిన్న వేషం ఆమెకు ఇచ్చారు. సరిగ్గా అప్పుడే అపెండిసైటిస్ రావడంతో తప్పుకోవలసి వచ్చింది. భర్త రాసిన అతి పెద్ద హిట్‌లో ఆమె లేదన్నమాట.

అసలు సంగతి 1929లో జరిగింది. దర్శకుడు లియోపోల్డ్ యెస్నర్ బెర్లిన్‌లో గ్రీకు పురాణపు ఈడిపస్ కథను ప్రదర్శించాడు. రాణి యొకాస్టా చనిపోయిందన్న వార్త తెచ్చే పరిచారిక వేషం వైగెల్‌ది. ఇలాంటి చోట నటి సాధారణంగా ఏం చేస్తుంది? ఏడుస్తూ వస్తుంది, గొంతు పూడుకుపోతుంది, కుప్పకూలుతుంది. వైగెల్ ఏడవలేదు. చనిపోయింది, చనిపోయింది అన్న మాటను ఏ విషాదమూ లేని, గుచ్చుకునే గొంతుతో చెప్పింది. భయమంతా ముఖానికి వేసుకున్న రంగులో ఉంది. గొంతులో ఉన్నది కేవలం నిజం, ఇక వెనక్కి తీసుకోలేని నిజం. దీన్ని చూసిన బ్రెహ్ట్ ఒక సంభాషణ రూపంలో వ్యాసం రాశాడు. ఈ నటన ఎందుకు కొత్తదో, ప్రేక్షకులకు ఎందుకు పూర్తిగా అందలేదో అందులో విడమరిచి చెప్పాడు.

నటుడు పాత్రలో కలిసిపోకుండా కాస్త దూరంగా నిలబడి దాన్ని చూపించాలన్న బ్రెహ్ట్ భావనను తెలుగు విమర్శలో ‘పరాయీకరణ’ అంటున్నారు. దాని పుట్టుక గురించి మామూలుగా చెప్పే కథ వేరు. 1935లో మాస్కోలో చైనా నటుడు మెయ్ లాన్‌ఫాంగ్ ప్రదర్శన చూసి బ్రెహ్ట్ ఆశ్చర్యపోయాడనీ, ఆ తర్వాతే ఆ పదం ఆయన రాతల్లోకి వచ్చిందనీ అంటారు. అది అబద్ధం కాదు. పేరు అప్పుడే వచ్చింది. కానీ పేరు పెట్టకముందే, ఆరేళ్ల క్రితమే, వైగెల్ గొంతులో ఆయన ఆ విషయాన్ని గమనించి రాసిపెట్టుకున్నాడు. చైనా నటుణ్ణి చూసినప్పుడు అంత త్వరగా పోల్చుకోగలిగాడంటే, ఇంట్లో ఉన్న మనిషిలో అప్పటికే దాన్ని చూసి ఉండటం వల్లనే అనుకోవడం న్యాయంగా ఉంటుంది.

ఈ పద్ధతి ఏమిటో తెలుగువాళ్లకు చెప్పడానికి పెద్ద సిద్ధాంతం అక్కర్లేదు. బుర్రకథ గుర్తు తెచ్చుకుంటే చాలు. కథకుడు వీరుడి మాటలు వీరుడిలా చెబుతాడు, మరుక్షణం తందాన తానా అంటూ బయటికొచ్చి అదే వీరుడి గురించి మనతో మాట్లాడతాడు. హాస్యం చెప్పే వంత మధ్యలో ఒక ప్రశ్న వేసి ఇప్పటి రాజకీయాల్లోకి లాక్కుపోతాడు. మనం కథలో లీనమవుతూనే, ఇది ఒకరు మనకు చెబుతున్న కథ అని ఒక్క క్షణం కూడా మరచిపోం. వీధి భాగవతంలో పాత్ర తెర వెనుక నుంచి వచ్చి తాను ఫలానా అని చెప్పుకునే ప్రవేశ దరువులోనూ ఇదే ఉంది. యూరప్ నాటకశాలల్లో ఆ దూరం చాలాకాలంగా చెరిగిపోయింది. నటుడంటే పాత్రే అయిపోవాలి అనే నమ్మకం బలపడింది. వైగెల్, బ్రెహ్ట్ ఆ దూరాన్ని మళ్లీ తెరిచారు.

1932 జనవరిలో ‘తల్లి’ నాటకంలో ఆమె పెలగేయా వ్లాసోవా వేషం వేసింది. గోర్కీ నవల ఆధారంగా బ్రెహ్ట్ రాసిన నాటకం ఇది. ఒక కార్మికుడి తల్లి, చదువు రాని మనిషి, క్రమంగా ఉద్యమంలోకి వచ్చే కథ. మొదటి రంగంలో వైగెల్ వేదిక మధ్యలో నిలబడి తన మాటలను తానే ఎవరి గురించో చెబుతున్నట్టు, “ఆవిడ ఇలా అంది” అన్న తీరులో పలికిందని బ్రెహ్ట్ నోట్సులో ఉంది. బెర్లిన్‌లోని మోఆబిట్ పేటలో ఒక ప్రదర్శనకు పోలీసులు అడ్డం పడ్డారు. సెట్టు వద్దన్నారు, దుస్తులు వద్దన్నారు, చివరికి కదలొద్దన్నారు. నటులు కూర్చుని మాటలు చదివి వినిపించారు. అదే ఏడాది ‘కూలె వాంపె’ సినిమాలో ఆమె గొంతు ఒక పాటగా వినిపిస్తుంది, మనిషి మాత్రం కనబడదు.

1933 ఫిబ్రవరి 27 రాత్రి జర్మన్ పార్లమెంటు భవనం తగలబడింది. మరునాడే బ్రెహ్ట్, వైగెల్ దేశం వదిలారు. ప్రాగ్, వియన్నా, స్విట్జర్లాండ్ మీదుగా చివరికి డెన్మార్క్‌లోని ఒక దీవికి చేరారు. అక్కడ ఆశ్రయం ఇచ్చింది కరీన్ మికేలిస్. పదహారేళ్ల కిందట వియన్నాలో ఒక గదిలో కూర్చుని చూసిన అమ్మాయికి, ఇప్పుడు పిల్లలతో నిలువ నీడ లేకుండా వచ్చిన తల్లికి, ఆవిడ తలుపు తీసింది.

ఇక్కడి నుంచి 15 ఏళ్ల ప్రవాసం. రచయితకు ప్రవాసం కష్టమే కానీ కాగితం, పెన్సిలు ఉంటే పని ఆగదు. బ్రెహ్ట్ గొప్ప నాటకాలు చాలావరకు ఈ కాలంలోనే రాశాడు. నటికి ప్రవాసం అంటే గొంతు పోవడమే. ఆమె పనిముట్టు భాష. ఆ భాష వినే జనం లేని ఊళ్లో నటి ఏం చేస్తుంది? ఈ తేడాను బ్రెహ్ట్ గురించి రాసినవాళ్లు చాలామంది ఒక వాక్యంలో దాటేస్తారు. దాటేయకూడని సంగతి ఇది. 33 ఏళ్ల నుంచి 47 ఏళ్ల దాకా, నటి జీవితంలో అన్నిటికంటే విలువైన కాలంలో, ఆమె వేసిన వేషాలు వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు.

1937లో పారిస్‌లో స్పెయిన్ అంతర్యుద్ధం మీద రాసిన చిన్న నాటకంలో సెన్యోరా కరార్ పాత్ర వేసింది. భర్త పోరాటంలో పోయాడు కాబట్టి కొడుకులను యుద్ధానికి పంపనని భీష్మించుకున్న జాలరి కుటుంబపు తల్లి ఆమె. చేపలు పట్టడానికి వెళ్లిన కొడుకును ఫాసిస్టులు కాల్చేశాక దాచిన తుపాకులు తానే బయటికి తీస్తుంది. నాటకమంతా పొయ్యిలో రొట్టె కాలుతూ ఉంటుంది. చివర్లో ఆ రొట్టె కూడా చేతిలోకి తీసుకుని బయల్దేరుతుంది. 1938లో మళ్లీ పారిస్‌లోనే, నాజీ పాలన మీద రాసిన చిన్న దృశ్యాల్లో యూదు భార్యగా నటించింది. భర్త ఉద్యోగం కోసం తానే ఇల్లు వదిలి వెళ్లడానికి సామాను సర్దుకుంటూ, స్నేహితులకు ఫోన్లు చేస్తూ, భర్తతో ఏం మాట్లాడాలో ఖాళీ కుర్చీ ముందు రిహార్సల్ వేసుకునే పాత్ర. యూదు కుటుంబంలో పుట్టి, సామాను సర్దుకుని దేశాలు మారుతున్న నటి ఆ వేషం వేసింది.

తర్వాత స్వీడన్, ఫిన్లాండ్, అక్కడి నుంచి సోవియట్ దేశం గుండా వ్లాదివొస్తోక్, ఓడ మీద కాలిఫోర్నియా. స్వీడన్‌లో ఉండగా 1939లో బ్రెహ్ట్ ‘మదర్ కరేజ్’ రాశాడు. అందులో కరేజ్ కూతురు కాత్రిన్ మూగది. ఆ పాత్ర మూగదవడానికి ఒక కారణం వైగెల్‌కు స్వీడిష్ రాకపోవడం. మాట లేని పాత్రయితే ఏ దేశంలోనైనా ఆమె వేయగలదు. నటి కష్టం చూసి రచయిత చేసిన ఏర్పాటు అది. చివరికి ఆ ప్రదర్శన జరగనే లేదు. 1941లో జూరిక్‌లో నాటకం మొదటిసారి రంగమెక్కినప్పుడు వైగెల్ ఇంకా దేశాల మధ్య దారిలో ఉంది. కరేజ్ వేషం తెరేజె గీజె వేసింది. అయినా ఒక నటి కోసం తయారైన మౌనం నాటకంలో ఉండిపోయింది. నగరాన్ని కాపాడటానికి ఇంటి కప్పెక్కి డోలు కొట్టే మూగ కాత్రిన్ ఈ రోజుకీ ఆ నాటకానికి గుండెకాయ. సహకారం అంటే ఇలా కూడా ఉంటుంది, పాత్ర వేయకుండానే పాత్రలో భాగం కావడం.

కాలిఫోర్నియాలో సాంటా మోనికా ఇంట్లో ఆమె వంట చేసింది, తోట పెంచింది, పాత సామాన్ల దుకాణాల్లో కుర్చీలు, గిన్నెలు ఏరుకొచ్చింది. జర్మనీ నుంచి పారిపోయి వచ్చిన రచయితలూ సంగీతకారులూ ఆ ఇంటి బల్ల చుట్టూ కూర్చునేవారు. ఆ బల్ల దగ్గర పుట్టిన ఆలోచనల గురించి పుస్తకాలున్నాయి. ఆ బల్ల మీద అన్నం పెట్టిన మనిషి అదే సమయంలో తన వృత్తిని పోగొట్టుకుని కూర్చుందన్న సంగతి ఆ పుస్తకాల్లో ఎక్కడో మూలన ఉంటుంది.

ఇంకో చేదు నిజం కూడా చెప్పాలి. బ్రెహ్ట్ రచనల వెనుక ఎలిజబెత్ హౌప్ట్‌మన్, మార్గరెటె స్టెఫిన్, రూత్ బెర్లౌ వంటి స్త్రీల పని చాలా ఉంది. వాళ్లు సహకారులు మాత్రమే కాదు, ఆయనతో ప్రేమ సంబంధాలున్నవాళ్లు. వాళ్లకు దక్కాల్సిన పేరు ఎంత, దక్కింది ఎంత అన్న చర్చ 1990లలో చాలా వేడిగా నడిచింది. వైగెల్ ఈ సంబంధాల మధ్యే పిల్లలను పెంచింది, ఇల్లు నడిపింది, ఒకటికి రెండుసార్లు విడిపోదామనుకుంది. ఆమె ఓర్పును త్యాగమని పొగడటం ఆమెకు మేలు చేయదు. ఆమెకు జరిగింది అన్యాయమే. అయితే ఆమె ఉండిపోవడంలో ఒక వృత్తిపరమైన లెక్క కూడా ఉంది. తాను చేయాలనుకున్న నాటకం ఈ రచయితతో తప్ప వీలుకాదని ఆమెకు స్పష్టంగా తెలుసు.

1947 అక్టోబరు 30న అమెరికా కాంగ్రెస్ కమిటీ కమ్యూనిస్టు సంబంధాల గురించి బ్రెహ్ట్‌ను విచారించింది. మరునాడే ఆయన యూరప్ విమానం ఎక్కాడు. వైగెల్ కూతురితో తర్వాత వచ్చింది. కొడుకు అమెరికాలోనే ఉండిపోయాడు. ఇన్నేళ్ల తర్వాత ఆమె ఇంకా నటించగలదా అన్నది అందరికీ ఉన్న టెన్షన్, ఆమెకూ ఉండే ఉంటుంది. దాన్ని పరీక్షించడానికి స్విట్జర్లాండ్‌లోని కూర్ అనే చిన్న ఊరిని ఎంచుకున్నారు. 1948 ఫిబ్రవరిలో అక్కడ సినిమా హాలుగా కూడా వాడే నాటకశాలలో ‘ఆంటిగని’ అనే గ్రీకు కథను వేశారు. పడుచు పిల్ల పాత్రను 47 ఏళ్ల నటి వేసింది. కాస్పర్ నేహర్ రంగాలంకరణ చేశాడు, బెర్లౌ ప్రతి దృశ్యాన్నీ ఫోటోలు తీసింది. నాలుగైదు ప్రదర్శనలకు మించి జరగలేదు. చాలు, చేతులు మరచిపోలేదని తేలింది.

పదకొండు నెలల తర్వాత బెర్లిన్‌లో ‘మదర్ కరేజ్’. బ్రెహ్ట్, ఎరిక్ ఎంగెల్ కలిసి దర్శకత్వం వహించారు. పదిహేడో శతాబ్దంలో యూరప్‌లో జరిగిన ‘ముప్పై ఏళ్ల యుద్ధం’ కాలంలో సైన్యాల వెంట బండి లాక్కుంటూ సరుకులమ్మే ఆడమనిషి కథ ఇది. యుద్ధం మీద బతుకుతుంది, యుద్ధానికే ముగ్గురు పిల్లలను పోగొట్టుకుంటుంది. జూరిక్‌లో ప్రేక్షకులు ఈమెను కేవలం దుఃఖమూర్తి అయిన తల్లిగా చూశారని బ్రెహ్ట్‌కు అసంతృప్తి. పిల్లల చావులో ఆమె వ్యాపారం వాటా కూడా కనబడాలని కొన్ని చోట్ల తిరగరాశాడు. కానీ రాసినంత మాత్రాన కనబడదు. కనబడేలా చేసింది వైగెల్ చేతులు.

ఆమె కరేజ్ నడుముకు తోలు డబ్బుసంచి ఉంటుంది. బేరం కుదిరిన ప్రతిసారీ దాన్ని టక్కుమని మూస్తుంది. ఆ చప్పుడు నాటకమంతా వినబడుతుంది. కోటుకు ఒక చెంచా తగిలించుకుని ఉంటుంది. సార్జెంటు ఇచ్చిన నాణెం అసలుదో నకిలీదో అని పంటితో కొరికి చూస్తుంది. ఆమె నాణెం చూసుకునే ఆ కొద్ది సేపట్లోనే పెద్ద కొడుకును సైన్యంలోకి పట్టుకుపోతారు. ఉపన్యాసం అక్కర్లేదు, విషయం మొత్తం ఆ నాణెంలో ఉంది.

మన లాక్షణికులు చెప్పిన నాలుగు అభినయాల్లో ఆహార్యాన్ని మనం సాధారణంగా మేకప్ మనిషికి, దుస్తులు కుట్టేవాళ్లకు వదిలేస్తాం. ప్రాపర్టీలంటే ఎవరో సర్దిపెట్టేవి. వైగెల్ తన పాత్ర వాడే ప్రతి వస్తువునూ తానే ఏరుకునేది. ఎంత వాడితే ఎంత అరుగుతుందో, పిడి ఎక్కడ నునుపు తేలుతుందో చూసుకునేది. సాంటా మోనికాలో పాత సామాన్ల మధ్య తిరిగిన కళ్లే ఇవి. ఆమె వస్తువులు ఏరుకునే తీరు మీద బ్రెహ్ట్ ఒక కవితే రాశాడు. ఇంటి పని వేరు, కళ వేరు అని గీత గీసేవాళ్లకు ఇక్కడ కష్టం వస్తుంది. ఆమె విషయంలో రెండిటికీ వాడిన చూపు ఒకటే.

ఇక ఆ కేక. రెండో కొడుకు ప్రాణం లంచం ఇచ్చి కాపాడే అవకాశం ఉంటుంది. కరేజ్ ఆ డబ్బు మీద మరీ ఎక్కువసేపు బేరమాడుతుంది. ఇంతలో దూరంగా తుపాకుల చప్పుడు. చిన్న ముక్కాలి పీట మీద కూర్చున్న వైగెల్ తల వెనక్కి వాల్చి, నోరు పూర్తిగా తెరుస్తుంది. మెడ నరాలు బిగుసుకుంటాయి. చేతులు ఒడిలోనే ఉంటాయి. శబ్దం మాత్రం రాదు. ఒకప్పుడు గట్టిగా అరుస్తుందని పేరు పడ్డ నటి, జీవితంలో అతి పెద్ద కేకను గొంతు లేకుండా వేసింది.

ఈ భంగిమ ఎక్కడి నుంచి వచ్చింది? బ్రెహ్ట్ తన నోట్సులో ఒక ఊహ రాశాడు. రెండో ప్రపంచ యుద్ధంలో సింగపూర్ మీద దాడి జరిగినప్పుడు, చనిపోయిన కొడుకు పక్కన కూలబడి ఏడుస్తున్న ఒక భారతీయ స్త్రీ ఫోటో పత్రికలో వచ్చింది. వైగెల్ దాన్ని ఎప్పుడో చూసి ఉంటుందని ఆయన అనుకున్నాడు. అడిగితే ఆమెకు గుర్తు లేదట. బతుకుతెరువు కోసం సముద్రం దాటి వెళ్లిన మన దేశపు తల్లి నోరు బెర్లిన్ నాటకశాలలో తెరుచుకుందంటే, ఆ సంగతి మనకు ఇంతకాలం పెద్దగా తెలియకపోవడం విచారమే.

ఆ దృశ్యానికి ప్రేక్షకులు ఏడ్చారు. బ్రెహ్ట్ నాటకం చూస్తూ ఏడవకూడదన్న అపోహ ఒకటి ఉంది. వైగెల్ చేసింది చూస్తే అది అపోహేనని అర్థమవుతుంది. ఆమె ఏడుపును ఆపలేదు, దాన్ని ఒంటరిగా వదల్లేదు. కేక ముగియగానే నోరు మూసుకుంటుంది. సైనికులు కొడుకు శవాన్ని తెచ్చి, వీణ్ణి ఎరుగుదువా అని అడుగుతారు. తల అడ్డంగా ఊపుతుంది. బేరం ఇంకా అయిపోలేదు, తన ప్రాణం, కూతురి ప్రాణం, బండి మిగిలి ఉన్నాయి. ఇప్పుడు చూసేవాడి కళ్లలో నీళ్లతోపాటు ఒక ప్రశ్న కూడా ఉంటుంది.

అదే ఏడాది బెర్లినర్ ఎన్సాంబల్ ఏర్పడింది. దానికి అధిపతి బ్రెహ్ట్ కాదు, వైగెల్. 1949 నుంచి 1971లో చనిపోయేదాకా 22 ఏళ్లు ఆ నాటక సంస్థను ఆమె నడిపింది. మొదట మరో నాటకశాలలో అద్దెకున్నట్టు ఉండేవారు. 1954లో షిఫ్‌బవర్‌డామ్ వీధిలోని సొంత నాటకశాలకు మారారు. శిథిలాల నగరంలో నటులకు ఇళ్లు వెతకడం, బొగ్గు సంపాదించడం, భోజనం ఏర్పాటు, అధికారులతో వాదన, కొత్త పిల్లలకు శిక్షణ, అలిగిన దర్శకులను బుజ్జగించడం అన్నీ ఆమె పనులే. పగలు ఆఫీసు, సాయంత్రం మేకప్. నెలల తరబడి రిహార్సల్ చేయగలిగే తీరిక ఆ సంస్థకు ఉండేదని అందరూ మెచ్చుకుంటారు. ఆ తీరిక వెనుక ఆమె పడిన పాట్లున్నాయి.

సురభి నాటక సమాజాల గురించి తెలిసినవాళ్లకు ఈ మనిషి వెంటనే అర్థమవుతుంది. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో కీచకవధతో మొదలైన ఆ కుటుంబాల్లో ఆడవాళ్లు వంట చేసి, పిల్లలను చూసుకుని, రాత్రి రాణి వేషం కట్టారు. నటన వాళ్ల ఇంటి పనిలో ఒకటి, ఇంటి పని నాటకంలో ఒకటి. ఆ సురభివాళ్లే తర్వాత బి.వి. కారంత్ దర్శకత్వంలో బ్రెహ్ట్ నాటకం ఒకదాన్ని ‘బస్తీ దేవత యాదమ్మ’గా మన భాషలో ఆడారు. మాయాబజార్ ట్రిక్కులు చేసే సమాజం బ్రెహ్ట్‌ను ఆడటం వింతగా అనిపించవచ్చు, కానీ సమష్టిగా నాటకం తయారు చేసే పద్ధతి వాళ్లకు పుట్టుకతో వచ్చిందే.

1954లో పారిస్ అంతర్జాతీయ ఉత్సవంలో ‘మదర్ కరేజ్’కు మొదటి బహుమతి వచ్చింది. 1956 ఆగస్టు 14న బ్రెహ్ట్ చనిపోయాడు. అప్పటికే లండన్ యాత్ర ఖాయమైంది. రెండు వారాలు కూడా తిరగకముందే వైగెల్ లండన్‌లో కరేజ్ బండి లాగింది. బ్రిటిష్ నాటకరంగం మీద ఆ ప్రదర్శనల ప్రభావం పెద్దది.

భర్త పోయాక ఆమె నడిపిన 15 ఏళ్ల మీద విమర్శ కూడా ఉంది, అందులో కొంత నిజమే. బ్రెహ్ట్ నాటకాల హక్కులను గట్టిగా పట్టుకుంది. పాత ప్రదర్శనల నమూనాలను అలాగే కాపాడాలనుకుంది. నాటకశాల మ్యూజియం అయిపోతోందని యువ దర్శకులు విసుక్కున్నారు. ప్రధాన దర్శకుడు మాన్‌ఫ్రెడ్ వెక్‌వెర్త్ 1969లో ఆమెతో తగాదాపడి వెళ్లిపోయాడు. మరోవైపు అదే కాలంలో బ్రెహ్ట్ నాటకం ‘ఆర్తురో ఉయి’ వచ్చింది, షేక్‌స్పియర్ ‘కొరియొలేనస్’లో ఆమె వొలమ్నియాగా నటించింది, బ్రెహ్ట్ రాతప్రతుల భాండాగారాన్ని నిలబెట్టింది. 15 ఏళ్లు దేశాలు పట్టి తిరిగి, ప్రతిచోటా సామాను వదిలేసి వచ్చిన మనిషికి దాచుకోవడం మీద ఆ పట్టుదల ఎందుకొచ్చిందో ఊహించడం కష్టం కాదు. దాని వల్ల సంస్థ కొంత గడ్డకట్టిన మాట కూడా కాదనలేం.

1971 వసంతంలో, 1871 నాటి కార్మికుల తిరుగుబాటు పాలన అయిన పారిస్ కమ్యూన్ నూరేళ్ల సందర్భంగా, పారిస్ పక్కనే ఉన్న నాంతేర్‌లో మళ్లీ వ్లాసోవా వేషం వేసింది. 1932లో మొదలుపెట్టిన పాత్ర అది. అదే ఆఖరి వేషం. మే 6న బెర్లిన్‌లో చనిపోయింది, 71వ పుట్టినరోజుకు ఇంకా ఆరు రోజులుంది.

సినిమాల జాబితా దగ్గరికి మళ్లీ వస్తే, అందులో అన్నిటికంటే విలువైనది దాదాపు రాకుండా పోయింది. 1955లో ‘మదర్ కరేజ్’ను దర్శకుడు వొల్ఫ్‌గాంగ్ స్టౌటె పెద్ద ఎత్తున సినిమాగా మొదలుపెట్టాడు. ఫ్రెంచి తార సిమోన్ సిన్యోరె కూడా ఉంది. బ్రెహ్ట్‌కూ దర్శకుడికీ పడక కొద్ది రోజులకే షూటింగ్ ఆగిపోయింది. చివరికి 1961లో, రంగస్థల ప్రదర్శననే ఆధారం చేసుకుని, పీటర్ పాలిచ్, వెక్‌వెర్త్ నలుపు తెలుపుల్లో దాన్ని సినిమా తీశారు. వైగెల్ నటనను ఈ తరం వాళ్లు పూర్తిగా చూడగలిగేది ప్రధానంగా అందులోనే.

ఆ సినిమా దొరికితే కేక కోసం ఎదురుచూడటం సహజం. దాంతోపాటు ఆఖరి దృశ్యంలో ఆమె చేతులను కూడా గమనించాలి. కాత్రిన్ చనిపోయింది. కరేజ్ కూతురికి జోలపాట పాడి, శవం మీద గుడ్డ కప్పుతుంది. పాతిపెట్టడానికి రైతులకు డబ్బివ్వాలి. తోలు సంచి తెరిచి నాణేలు తీస్తుంది. లెక్క చూసుకుని, ఒక నాణెం తిరిగి సంచిలో వేసుకుని, మిగిలినవి వాళ్ల చేతిలో పెడుతుంది. తర్వాత వంగి, బండి తాడు ఒంటరిగా భుజానికి ఎత్తుకుంటుంది.